ఓటు పడ్డాక, పదవి దిగేలోగా

ఎన్నికల్లో తీర్పు వచ్చిన రోజే అధికారం చేతులు మారదు. ఫలితం వెలువడిన రోజుకూ కొత్తవాళ్లు ప్రమాణం చేసే రోజుకూ మధ్య ఏ దేశంలోనైనా కొంత ఎడం ఉంటుంది. కొన్నిచోట్ల అది రెండు మూడు రోజుల్లో ముగుస్తుంది, కొన్నిచోట్ల నెలలు సాగుతుంది. అన్నాళ్లూ సంతకం పెట్టే అధికారం ఓడినవాళ్ల దగ్గర, ప్రజల తీర్పు గెలిచినవాళ్ల దగ్గర ఉంటాయి. ఓడిపోయో, మళ్లీ పోటీ చేయకుండా తప్పుకొనో పదవిలో చివరి రోజులు గడుపుతున్న నాయకుణ్ని అమెరికాలో లేమ్ డక్ అంటారు. అలాంటివాళ్లతో కూర్చునే చట్టసభ సమావేశం లేమ్ డక్ సమావేశం. తెలుగునాట ఎక్కువగా వినిపించేది ఆపద్ధర్మ ప్రభుత్వం గురించి. అక్కడి చిక్కు వేరు, ఇక్కడి చిక్కు వేరు. అక్కడ ఓడిన సభ కూర్చుంటుంది. ఇక్కడ సభే ఉండదు, ప్రభుత్వం మాత్రం ఉంటుంది.

అమెరికాలో ఈ ఎడం మొదట్లో నాలుగు నెలలు. నవంబరులో ఓట్లు పడితే కొత్త అధ్యక్షుడు మార్చి 4న ప్రమాణం చేసేవాడు. చట్టసభ సంగతి ఇంకా విడ్డూరం. రెండేళ్లకోసారి ఎన్నికలయ్యాక డిసెంబరు నుంచి మార్చి దాకా పాత సభే కూర్చునేది. నవంబరులో గెలిచిన సభ్యుడు సాధారణంగా పదమూడు నెలలు ఆగితే గానీ తొలి సమావేశం చూసేవాడు కాదు. ఈ ఏర్పాటు వల్ల జరిగిన నష్టం చిన్నది కాదు. 1860 నవంబరులో లింకన్ గెలిచాడు. ఆయన 1861 మార్చిలో పదవి చేపట్టేలోగా ఏడు దక్షిణాది రాష్ట్రాలు దేశం నుంచి విడిపోతున్నట్టు ప్రకటించుకున్నాయి. పదవిలో ఉన్న బుకానన్ ఏమీ చేయలేకపోయాడు, గెలిచిన లింకన్‌కు చేసే అధికారం లేదు. 1932లో రూజ్‌వెల్ట్ గెలిచి 1933 మార్చిలో పదవిలోకి వచ్చేలోగా బ్యాంకులు వరుసగా మూతపడ్డాయి. నెబ్రాస్కా సెనేటర్ జార్జ్ నోరిస్ ఏళ్ల తరబడి పట్టుబట్టగా 1933 జనవరిలో 20వ రాజ్యాంగ సవరణ ఆమోదం పొందింది. దాంతో కొత్త కాంగ్రెస్ పదవీకాలం జనవరి 3న, కొత్త అధ్యక్షుడి పదవీకాలం జనవరి 20న మొదలవుతున్నాయి.

ఎడం తగ్గింది గానీ పోలేదు. 1998లో అధ్యక్షుడు క్లింటన్‌పై అభిశంసన తీర్మానం దిగువ సభలో నెగ్గింది డిసెంబరు 19న. అప్పటికే నవంబరు ఎన్నికలు అయిపోయాయి, ఓటేసింది పాత సభ్యులు. 2018లో విస్కాన్సిన్ రాష్ట్రంలో గవర్నర్ స్కాట్ వాకర్ ఓడిపోయాడు. అయినా ఆయన పార్టీ ఆధిక్యంలో ఉన్న శాసనసభ డిసెంబరు మొదటి వారంలో కూర్చుని, కొత్తగా రాబోయే గవర్నర్ అధికారాలకు కోత పెట్టే చట్టాలు చేసింది. వాకరే వాటిపై సంతకం చేశాడు. సరిగ్గా ఆ రోజుల్లోనే తెలంగాణలో పోలింగు జరుగుతోంది. ఇక్కడ అలాంటి చట్టం చేసే వీలే లేదు. ఎందుకంటే తెలంగాణ శాసనసభ అప్పటికి మూడు నెలల కిందటే రద్దయింది.

భారత పార్లమెంటులోనూ ఒకప్పుడు లేమ్ డక్ సమావేశాలు జరిగాయని చాలామందికి తెలియదు. 1957లో సార్వత్రిక ఎన్నికల ఓటింగు చాలావరకు పూర్తయ్యాక తొలి లోక్‌సభ మార్చి 18 నుంచి 28 దాకా కూర్చుంది. మార్చి 19న ఆర్థికమంత్రి టి.టి.కృష్ణమాచారి మధ్యంతర బడ్జెట్ పెట్టాడు. 1962లోనూ అంతే. ఫిబ్రవరిలో ఓట్లు పడ్డాయి, మార్చిలో పాత సభ సమావేశమైంది, మార్చి 14న మొరార్జీ దేశాయ్ మధ్యంతర బడ్జెట్ తెచ్చాడు. మార్చి 31తో ఆర్థిక సంవత్సరం ముగుస్తుంది, ఏప్రిల్ 1 నుంచి జీతాలకూ ఖర్చులకూ సభ అనుమతి కావాలి, కొత్త సభ ఇంకా ఏర్పడలేదు. అందుకే పాత సభను పిలవాల్సి వచ్చింది. రెండుసార్లూ స్పీకర్ స్థానంలో ఉన్నది తిరుచానూరుకు చెందిన మాడభూషి అనంతశయనం అయ్యంగార్. టికెట్ దక్కనివాళ్లు, ఓడినవాళ్లు, మళ్లీ గెలిచినవాళ్లు కలిసి కూర్చున్న సభలు అవి. ఆ సభలు ఏప్రిల్ నుంచి ఖర్చులు ఆగకుండా అవసరమైన మేరకు అనుమతులిచ్చి, మిగతా పని కొత్త సభకు వదిలేశాయి. ఓడినవాళ్లు కూర్చున్నంత మాత్రాన సభ దారి తప్పాలని లేదనడానికి ఈ రెండు సమావేశాలూ మంచి రుజువు.

తర్వాత తర్వాత పద్ధతి మారింది. ఎన్నికలకు ముందే, జనవరి ఆఖర్లోనో ఫిబ్రవరిలోనో, ఓట్ ఆన్ అకౌంట్ తీసుకుని నాలుగు నెలల ఖర్చుకు అనుమతి పొందడం ఆనవాయితీ అయింది. కాబట్టి ఫలితాలు వచ్చాక పాత సభను పిలిచే అవసరం పోయింది. ప్రధాని గానీ ముఖ్యమంత్రి గానీ ఓడిపోతే సాధారణంగా అదే రోజో మర్నాడో రాజీనామా ఇస్తున్నారు, పాత సభ రద్దవుతోంది. 2023లో తెలంగాణలో జరిగింది చూస్తే ఇది తెలుస్తుంది. డిసెంబరు 3న ఓట్ల లెక్కింపు, ఆ రోజే కె.చంద్రశేఖరరావు రాజీనామా, 4న సభ రద్దు, 7న రేవంత్‌రెడ్డి ప్రమాణ స్వీకారం, 9న కొత్త సభ తొలి సమావేశం. పాత సభకు జనవరి దాకా గడువున్నా ఎవరూ దాన్ని పట్టుకుని వేలాడలేదు. అమెరికాలో పదకొండు వారాలు పట్టేది ఇక్కడ నాలుగు రోజుల్లో అయిపోయింది. ఈ విషయంలో మన పద్ధతే మేలైనది.

రద్దయిన సభలోనూ ఒక పదవి మాత్రం మిగులుతుంది. రాజ్యాంగం 179వ అధికరణం ప్రకారం సభ రద్దయినా స్పీకర్ పదవి పోదు. కొత్త సభ తొలిసారి సమావేశమయ్యే క్షణం ముందు వరకు ఆయనే స్పీకర్. 2018 డిసెంబరు 11న భూపాలపల్లిలో ఓడిపోయిన మధుసూదనాచారి, 2019 జనవరి 17న కొత్త సభ కూర్చునే దాకా తెలంగాణ స్పీకరుగానే ఉన్నారు. 2019లో సత్తెనపల్లిలో ఓడిన కోడెల శివప్రసాదరావు, 2024లో ఆమదాలవలసలో ఓడిన తమ్మినేని సీతారాం కూడా ఆంధ్రప్రదేశ్‌లో ఇదే స్థితిలో కొన్నాళ్లు గడిపారు. శాసనసభ యంత్రాంగానికి పెద్ద అంటూ ఒకరు ఉండాలి కాబట్టి ఈ ఏర్పాటు. దీనివల్ల ఇబ్బంది వచ్చిన దాఖలా లేదు.

అసలైన లేమ్ డక్ సభ్యులను తెలుగునాట చూడాలంటే శాసనమండలికీ, మండల పరిషత్తులకూ వెళ్లాలి. వీటిలో గడువు తేదీ ఖాయం, ఎన్నిక మాత్రం అంతకుముందే జరుగుతుంది. వరంగల్-ఖమ్మం-నల్గొండ ఉపాధ్యాయ నియోజకవర్గంలో 2025 ఫిబ్రవరి 27న పోలింగు జరిగింది. మార్చి 3న నల్గొండలో ఓట్లు లెక్కించారు. పింగిళి శ్రీపాల్‌రెడ్డి గెలిచారు, సిట్టింగ్ సభ్యుడు అలుగుబెల్లి నర్సిరెడ్డి ఓడిపోయారు. కానీ నర్సిరెడ్డి పదవీకాలం మార్చి 29 దాకా ఉంది. ఆ మధ్యలోనే మార్చి 12 నుంచి తెలంగాణ బడ్జెట్ సమావేశాలు జరిగాయి. వెనుకబడిన తరగతుల రిజర్వేషన్ల బిల్లులు, ఎస్సీ వర్గీకరణ బిల్లు వంటి పెద్ద బిల్లులు సభ ముందుకు వచ్చాయి. యాదాద్రి భువనగిరి జిల్లా రామన్నపేటలోని ఒక పాఠశాల ఉపాధ్యాయుడు ఫిబ్రవరి ఆఖర్లో ఓటేసి ఎన్నుకున్న ప్రతినిధి బయట ఉన్నాడు, ఆరేళ్ల కిందట ఎన్నికైన ప్రతినిధి సభలో ఉన్నాడు. చట్టరీత్యా ఇందులో తప్పేమీ లేదు. రాజ్యసభలో, మండలిలో రెండేళ్లకోసారి కొందరు దిగుతూ కొందరు ఎక్కుతూ ఉంటారు, ఇలాంటి రోజులు తప్పవు. ఒకరిద్దరు సభ్యుల వల్ల తీర్పు తారుమారయ్యే సభ కూడా కాదు అది.

మండల పరిషత్తుల సంగతి అలా కాదు. అక్కడ మొత్తం పాలకవర్గమే మారుతుంది. 2019 మే నెలలో తెలంగాణలో ఎంపీటీసీ, జడ్పీటీసీ ఎన్నికలు మూడు విడతల్లో జరిగాయి. పాత పాలకవర్గాల గడువు జూలై మొదటి వారం దాకా ఉంది. లెక్కింపు మే 27న జరగాల్సింది. ఫలితాలకూ ఎంపీపీ ఎన్నికకూ మధ్య నెలకు పైగా ఎడం ఉంటే గెలిచిన సభ్యులను క్యాంపులకు తరలిస్తారనీ బేరాలు సాగుతాయనీ ప్రతిపక్షాలు గోల పెట్టాయి. లెక్కింపు జూన్ 4కు మారింది. జూన్ 7న ఎంపీపీలను, 8న జడ్పీ చైర్మన్లను ఎన్నుకున్నారు. ఎన్నుకున్నా కుర్చీ ఖాళీ లేదు. జిల్లాలు 2016లోనే విడిపోయినా రామన్నపేట మండలం జడ్పీ లెక్కలో ఇంకా ఉమ్మడి నల్గొండ కిందే ఉంది, దానికి చైర్మన్ బాలు నాయక్. కొత్త యాదాద్రి భువనగిరి జిల్లా పరిషత్తుకు ఎలిమినేటి సందీప్‌రెడ్డి ఎన్నికై ఉన్నారు, బాధ్యతలు చేపట్టింది జూలైలో. మండలానికి ఇద్దరేసి ఎంపీపీలున్నట్టే గడిచింది ఆ జూన్ నెల. మంచినీటి పైపు పగిలిందని చెప్పుకోవడానికి వచ్చిన రైతు ఎవరి దగ్గరికి వెళ్లాలి? తీర్మానం చేసే హక్కున్నవాడికి మళ్లీ ఓటు అడిగే అవసరం లేదు, ఓటు వేయించుకున్నవాడికి తీర్మానం చేసే హక్కు లేదు. లేమ్ డక్ అనే దశలోని కష్టమంతా ఇదే.

2014లో ఇంకో వింత జరిగింది. ఆంధ్రప్రదేశ్ పునర్విభజన బిల్లును రాష్ట్ర శాసనసభ జనవరి 30న తిప్పి పంపింది. ఫిబ్రవరి 18న లోక్‌సభ, 20న రాజ్యసభ ఆమోదించాయి. మార్చి 5న ఎన్నికల షెడ్యూలు వచ్చింది. చివరి సమావేశంలో ఇంత పెద్ద చట్టం చేయవచ్చా అని అప్పట్లో వాదించినవాళ్లున్నారు. గడువులో ఉన్న సభ మొదటి రోజు చేసినా చివరి రోజు చేసినా చట్టం చట్టమే. మార్చి 1 నుంచి రాష్ట్రపతి పాలన వచ్చింది కాబట్టి ఓడిన ప్రభుత్వం కుర్చీలో మిగిలే ప్రశ్నే రాలేదు. మే 16న ఫలితాలు వచ్చాయి, గెలిచినవాళ్లకు మాత్రం ఏలడానికి రాష్ట్రం జూన్ 2న గానీ పుట్టలేదు.

ఇక ఆపద్ధర్మ ప్రభుత్వాలు. గడువుకు ముందే సభను రద్దు చేసిన ముఖ్యమంత్రిని గవర్నర్ కొత్త ప్రభుత్వం వచ్చేదాకా కొనసాగమంటారు. అలిపిరిలో 2003 అక్టోబరు 1న తన మీద జరిగిన దాడి తర్వాత చంద్రబాబునాయుడు నవంబరు 14న సభను రద్దు చేయించారు. వెంటనే ఎన్నికలు వస్తాయనుకున్నారు. ఓటర్ల జాబితాల సవరణ కావాలని ఎన్నికల సంఘం సమయం తీసుకుంది. పోలింగు 2004 ఏప్రిల్ 20, 26 తేదీల్లో జరిగింది, మే 14న వై.ఎస్.రాజశేఖరరెడ్డి ప్రమాణం చేశారు. సరిగ్గా ఆరు నెలలు రాష్ట్రంలో ప్రభుత్వం ఉంది, దాన్ని నిలదీసే శాసనసభ లేదు.

2018లో చంద్రశేఖరరావు సెప్టెంబరు 6న సభను రద్దు చేయించి, అదే రోజు 105 మంది అభ్యర్థుల పేర్లు చదివారు. డిసెంబరు 7న పోలింగు, 11న ఫలితాలు, 13న మళ్లీ ఆయనదే ప్రమాణం. మూడు నెలల ఎడమే కదా అనిపిస్తుంది. కానీ శాసనసభ లెక్క వేరు. మార్చి చివర బడ్జెట్ సమావేశాలు ముగిశాక సభ కూర్చోలేదు, మళ్లీ కూర్చున్నది 2019 జనవరి 17న. అంటే తొమ్మిది నెలలకు పైగా తెలంగాణలో ఒక్క ప్రశ్నోత్తరాల సమయం లేదు, ఒక్క వాయిదా తీర్మానం లేదు. ఆరు నెలలకోసారైనా సభ కూర్చోవాలన్న 174వ అధికరణం నియమం రద్దయిన సభకు వర్తించదని 2002లో గుజరాత్ వ్యవహారంలో సుప్రీంకోర్టు చెప్పింది. నకిరేకల్ నియోజకవర్గంలో ఉన్న రామన్నపేటకు ఆ మూడు నెలలూ ఎమ్మెల్యే లేడు. అప్పటిదాకా ఉన్న వేముల వీరేశం సెప్టెంబరు 6తో మాజీ అయ్యారు, డిసెంబరులో చిరుమర్తి లింగయ్య గెలిచారు.

ఆపద్ధర్మ ప్రభుత్వం ఏం చేయాలి, ఏం చేయకూడదు అన్నది రాజ్యాంగంలో ఎక్కడా రాసి లేదు. ఆ మాటే రాజ్యాంగంలో లేదు. 1970 డిసెంబరులో లోక్‌సభ రద్దయ్యాక ఇందిరాగాంధీ ప్రధానిగా కొనసాగరాదని వేసిన వ్యాజ్యాన్ని 1971లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. మంత్రిమండలి సలహా లేకుండా రాష్ట్రపతి పాలన సాగించలేడు కాబట్టి సభ లేకపోయినా మంత్రిమండలి ఉండాల్సిందేనంది. దాని అధికారాలకు హద్దు మాత్రం గీయలేదు. 1979లో రాష్ట్రపతి నీలం సంజీవరెడ్డికి ఈ చిక్కు ఎదురైంది. లోక్‌సభను ఒక్కసారి కూడా ఎదుర్కోని చరణ్‌సింగ్ సలహా మీద ఆయన ఆగస్టు 22న సభను రద్దు చేశారు. కొత్త విధానాల, భారీ ఖర్చుల జోలికి పోకూడదన్న అవగాహనతోనే ఆ ప్రభుత్వాన్ని కొనసాగనిచ్చారు. 1994లో బొమ్మై కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పులోనూ ఆపద్ధర్మ ప్రభుత్వం రోజువారీ పాలనకు పరిమితం కావాలన్న మాట వచ్చింది. దాన్నే ఆధారం చేసుకుని, తెలంగాణ సభ రద్దయిన మూడు వారాలకు 2018 సెప్టెంబరు 27న ఎన్నికల సంఘం ఒక ఆదేశం ఇచ్చింది. ముందస్తుగా సభ రద్దయితే షెడ్యూలు కోసం ఆగనక్కర్లేదు, రద్దయిన క్షణం నుంచే ఎన్నికల కోడ్ అమల్లోకి వస్తుందని. కొత్త పథకాలు ప్రకటించకూడదు.

ఆ ఆదేశం పల్లెల దాకా ఎలా దిగిందో అప్పటి తెలంగాణ మహిళలకు, రైతులకు గుర్తుండే ఉంటుంది. ఆ ఏడాది బతుకమ్మ చీరల పంపిణీ ఆగింది. రైతుబంధు మొదటి విడతను మే నెలలో ఊళ్లలో సభలు పెట్టి చెక్కుల రూపంలో ఇచ్చారు. రెండో విడతకు ఎన్నికల సంఘం ఒప్పుకుంది గానీ చెక్కుల పంపిణీకి ఒప్పుకోలేదు. ఎకరానికి 4 వేల చొప్పున డబ్బు నేరుగా రైతు బ్యాంకు ఖాతాలో పడింది. పథకం పాతది కాబట్టి డబ్బు రావాలి, పంచేవాడు అభ్యర్థి కూడా కాబట్టి చేతికివ్వడం కుదరదు. ఇంత చక్కగా గీసిన గీత మరొకటి దొరకడం కష్టం.

గీత ఎప్పుడూ అంత స్పష్టంగా ఉండదు. 2019లో ఆంధ్రప్రదేశ్‌లో ఏప్రిల్ 11న ఓట్లు పడ్డాయి, లెక్కింపు మే 23న. మధ్యలో 42 రోజులు. తీర్పు ఈవీఎంలలో భద్రంగా ఉంది, అది ఏమిటో ఎవరికీ తెలియదు, ముఖ్యమంత్రి ముఖ్యమంత్రిగానే ఉన్నారు. చంద్రబాబునాయుడు పోలవరం, రాజధాని పనుల మీద సమీక్షలు చేస్తే కోడ్ ఉల్లంఘన అంటూ వివాదం రేగింది. ఎన్నికల సంఘం నియమించిన ప్రధాన కార్యదర్శి ఎల్.వి.సుబ్రహ్మణ్యానికీ ముఖ్యమంత్రికీ మధ్య దూరం బహిరంగమైంది. మంత్రివర్గ సమావేశం పెట్టుకోవడానికే ఎజెండాను ఎన్నికల సంఘానికి పంపి అనుమతి తెచ్చుకోవాల్సి వచ్చింది. మే 14న ఆ సమావేశం జరిగింది. ఫణి తుపాను, కరువు, తాగునీరు, ఉపాధి హామీ మీదే చర్చ. ఎండలు మండే నెలలో తాగునీటి మీద మాట్లాడటానికి ఎన్నికైన మంత్రివర్గం అనుమతి కోసం ఎదురుచూడటం ఎవరికీ గౌరవం కాదు. అలాగని ఓట్లు పడ్డాక పెద్ద కాంట్రాక్టుల మీద సంతకాలు చేయనివ్వడమూ కుదరదు. నియమం రాసి లేకపోవడం వల్ల ప్రతిసారీ ఇది వ్యక్తుల మధ్య గొడవగా మారుతోంది.

న్యూజిలాండ్ ఈ చిక్కును పరిష్కరించుకుంది. 1984 జూలైలో ఓడిపోయిన ప్రధాని మల్డూన్, కరెన్సీ విలువ తగ్గించాలన్న కొత్త ప్రభుత్వ నిర్ణయాన్ని అమలు చేయనని మొండికేశాడు. దేశం ఆర్థిక సంక్షోభం అంచుకు వెళ్లింది. తర్వాత ఆ దేశం తన మంత్రివర్గ నియమావళిలో ఒక నిబంధన రాసుకుంది. రాబోయే ప్రభుత్వం ఏదో తేలిపోతే, దిగిపోయే ప్రభుత్వం కొత్త నిర్ణయాలు తీసుకోకూడదు, అత్యవసరమైతే రాబోయేవాళ్లు చెప్పినట్టు నడుచుకోవాలి. ఇలాంటి రెండు పేజీల నియమావళిని మన రాష్ట్ర ప్రభుత్వాలు తమ కార్యనిర్వహణ నిబంధనల్లో చేర్చుకోవడానికి రాజ్యాంగ సవరణ అక్కర్లేదు. మంత్రివర్గం తలచుకుంటే చాలు.

సభ రద్దయితే దాని ముందున్న బిల్లులు కూడా పోతాయి. శాసనసభలో పెండింగులో ఉన్నవి, సభ ఆమోదించి మండలిలో ఆగినవి మురిగిపోతాయి. మండలిలోనే పుట్టి సభకు రానివి, రెండు సభలూ ఆమోదించి గవర్నర్ సంతకం కోసం ఉన్నవి మిగులుతాయి. మహిళా రిజర్వేషన్ బిల్లు పదేపదే మురిగిపోవడం చూసి 2008లో దాన్ని రాజ్యసభలో పెట్టారు. 2010లో అక్కడ నెగ్గి లోక్‌సభకు వెళ్లింది, 2014లో ఆ సభతోపాటే ముగిసిపోయింది.

అన్నిటికన్నా పొడవైన ఎడం గ్రామ పంచాయతీలది. ఇక్కడ ఓడినవాళ్లూ లేరు, గెలిచినవాళ్లూ లేరు, ఎన్నికే లేదు. గడువు ముగిసేలోగా ఎన్నిక పూర్తి కావాలని రాజ్యాంగం 243ఇ అధికరణం చెబుతోంది. 2018 ఆగస్టులో తెలంగాణ సర్పంచుల గడువు ముగిస్తే ఎన్నికలు 2019 జనవరిలో జరిగాయి, మధ్యలో ప్రత్యేకాధికారుల పాలన. ఆ సర్పంచుల గడువు 2024 జనవరి ఆఖరున ముగిసింది, ఫిబ్రవరి 2 నుంచి మళ్లీ ప్రత్యేకాధికారులు. అదే ఏడాది జూలైలో మండల, జిల్లా పరిషత్తులకూ గడువు తీరింది. సర్పంచుల దగ్గరున్న డిజిటల్ సంతకం కీలు వెనక్కి తీసుకున్నారు. సర్పంచి, ఉపసర్పంచి కలిసి సంతకం పెట్టే చెక్కు అధికారం ప్రత్యేకాధికారి, పంచాయతీ కార్యదర్శి చేతికి వచ్చింది. సొంత డబ్బు పెట్టి పనులు చేసిన మాజీ సర్పంచులు బిల్లుల కోసం రోడ్డెక్కారు. ఎన్నికైన పాలకవర్గం లేని పంచాయతీలకు 15వ ఆర్థిక సంఘం నిధులు వచ్చేవి కావు కాబట్టి ఆ నిధులూ ఆగాయి. ఒక తహసీల్దారుకో ఎంపీడీవోకో తన పనికి తోడు ఊళ్ల బాధ్యత వస్తే, వీధిదీపం గురించి, మురుగుకాలువ గురించి ఎవరిని అడగాలో గ్రామస్థుడికి తెలియదు. ఓడిపోయిన సర్పంచి నెల రోజులు అదనంగా కూర్చున్నా ఇంత నష్టం జరిగేది కాదు. అతను కనీసం అదే ఊళ్లో తిరిగే మనిషి.

2025 జూన్ 25న రాష్ట్ర హైకోర్టు సెప్టెంబరు 30లోగా పంచాయతీ ఎన్నికలు జరపమంది. రిజర్వేషన్ల వివాదంతో ఆ గడువూ దాటింది. డిసెంబరు 11, 14, 17 తేదీల్లో ఓట్లు పడ్డాయి. రామన్నపేట మండలం సహా రాష్ట్రంలోని పల్లెల్లో కొత్త సర్పంచులు డిసెంబరు 22న బాధ్యతలు చేపట్టారు, పాతవాళ్లు దిగిపోయిన దాదాపు 23 నెలలకు.